వెన్నుపూస కుంగితే: పడకా, బెల్టా, సిమెంటా, ఆపరేషనా?

వీధి కొళాయి దగ్గర బిందె ఎత్తబోతే వీపులో కలుక్కుమంటుంది. బస్సు వెనక సీట్లో కూర్చున్నావిడ స్పీడ్ బ్రేకర్ దగ్గర ఎగిరిపడి, మళ్లీ సరిగ్గా కూర్చోలేకపోతుంది. ఎముకలు బాగా గుల్లబారినవాళ్లకు గట్టి దగ్గు వచ్చినా చాలు. ఇంట్లోవాళ్లు నడుం పట్టేసిందనుకుంటారు, తైలం రాస్తారు, మెడికల్ షాపు నుంచి రెండు రోజులకు సరిపడా మాత్రలు తెస్తారు. పది రోజులైనా తగ్గకపోతే ఎక్స్‌రే తీయిస్తారు. అందులో ఒక వెన్నుపూస ముందుభాగం నలిగి, ఎత్తు తగ్గిపోయి కనిపిస్తుంది. దీన్నే కంప్రెషన్ ఫ్రాక్చర్ అంటారు. ఇక అక్కణ్ణుంచి తలా ఒక మాట. మూడు నెలలు మంచం దిగొద్దని ఒకరు, బెల్టు పెట్టుకుంటే చాలని ఒకరు, సిమెంటు ఎక్కిస్తే సాయంత్రానికే నడిచేస్తారని ఇంకొకరు.

మా అభిప్రాయం ముందే చెప్పేస్తాం. ఎముకలు గుల్లబారడం వల్ల పూస కుంగి, నరాల మీద ఒత్తిడి లేకపోతే, మొదటి ఆరు వారాలు నొప్పిని అదుపులో పెట్టుకుంటూ మెల్లగా తిరగడమే సరైన వైద్యం. సిమెంటు అవసరమయ్యేది కొద్దిమందికే. ఆపరేషన్ అంతకన్నా తక్కువమందికి. అందరికీ కావలసింది, చాలామందికి అందకుండా పోతున్నది మాత్రం ఎముకను కాపాడే మందు. ఒక పూస కుంగినవాళ్లలో దాదాపు ఐదుగురిలో ఒకరికి ఏడాది తిరిగేలోపే ఇంకో పూస కుంగుతుంది. చేతిలో ఉన్న డబ్బు కొంచెమే అయితే అది ఆ రెండో పూసను కాపాడటానికే ఖర్చవ్వాలి.

ముందు తేల్చుకోవాల్సింది: ఎందుకు కుంగింది

కారణం తెలియకుండా వైద్యం ఎంచుకోకూడదు. బహిష్టులు ఆగిపోయిన స్త్రీలలో, డెబ్బై దాటిన పురుషులలో ఎముకలు గుల్లబారడమే ఎక్కువగా కనిపించే కారణం. రిపోర్టులో టీ12, ఎల్1 అని రాసే పూసలు, అంటే ఛాతీ వెన్ను ముగిసి నడుము మొదలయ్యే చోటివి, ఎక్కువగా దెబ్బతింటాయి. ఆ తర్వాత వీపు మధ్యలో ఉండే టీ7, టీ8.

ఉబ్బసానికో కీళ్లవాతానికో ప్రెడ్నిసోలోన్ లాంటి స్టిరాయిడ్ మూడు నెలలకు మించి వాడినవాళ్లకు తక్కువ వయసులోనే పూసలు కుంగుతాయి. ఇక్కడ ఒక మాట నిర్మొహమాటంగా అడగాలి: మోకాళ్ల నొప్పులకు ఊళ్లో ఎవరి దగ్గరైనా తరచూ సూది వేయించుకున్నారా? పేరు లేని పొట్లాల్లో పొడులు మింగారా? వేసుకున్న గంటల్లోనే అద్భుతంగా పనిచేసి, మానేయగానే నొప్పులు తిరగబెట్టే మందులో స్టిరాయిడ్ ఉందేమోనని అనుమానించాలి. ఆ సంగతి డాక్టరుకు దాచకూడదు. అలాగని ఏళ్ల తరబడి వాడిన స్టిరాయిడ్‌ను ఒక్కసారిగా మానేయకూడదు, బీపీ పడిపోయి ప్రాణం మీదికి వస్తుంది.

కారణం గుల్లబారడమే కాకపోవచ్చు. సాయంత్రం జ్వరం, బరువు తగ్గడం, ఆకలి లేకపోవడం ఉంటే వెన్ను టీబీని చూడాలి. టీబీ సాధారణంగా పక్కపక్కనున్న రెండు పూసలను, వాటి మధ్య మెత్తలా ఉండే డిస్క్‌ను తినేస్తుంది. గుల్లబారి కుంగిన చోట డిస్క్ చాలావరకు బాగానే ఉంటుంది. పడుకున్నా తగ్గకుండా రాత్రిళ్లు ఎక్కువయ్యే నొప్పి, ఇంతకుముందు రొమ్ము, ప్రోస్టేట్, ఊపిరితిత్తుల కాన్సర్ ఉండటం, రక్తం బాగా తగ్గి, ఒంట్లో వాపును చూపే ఈఎస్‌ఆర్ బాగా పెరిగి, కిడ్నీల పనితీరును చెప్పే క్రియాటినిన్ కూడా ఎక్కువగా ఉండటం — ఇవి కాన్సర్‌ను, ముఖ్యంగా ఎముక మజ్జలో పుట్టే మైలోమా అనే కాన్సర్‌ను వెతకమని చెప్పే గుర్తులు. అందుకే మొదటిసారి పూస కుంగిన ఎవరికైనా రక్తం శాతం, ఈఎస్‌ఆర్, క్రియాటినిన్, కాల్షియం, ఎముకల్లో మార్పును చూపే ఆల్కలైన్ ఫాస్ఫటేజ్, విటమిన్ డి పరీక్షలు చేయించాలి. మైలోమా అనుమానముంటే దాన్ని పట్టిచ్చే సీరం ప్రోటీన్ ఎలక్ట్రోఫోరెసిస్ అనే రక్త పరీక్ష కూడా.

తాటిచెట్టు మీంచి, పొగాకు బ్యారన్‌లో పై వరుసల నుంచి, చీమకుర్తి వైపు గ్రానైట్ క్వారీల్లో ఎత్తు మీంచి పడినవాళ్ల సంగతి వేరు. అలాంటివాళ్లను లేపి కూర్చోబెట్టకూడదు, చంకల కింద చేతులేసి ఎత్తకూడదు. తల, భుజాలు, నడుము, కాళ్లు ఒకే వరసలో ఉండేలా నలుగురు కలిసి ఒకేసారి దొర్లించి, బల్ల మీదికో తలుపు చెక్క మీదికో చేర్చి 108కు ఫోన్ చేయాలి. ఎత్తు నుంచి కాళ్ల మీద పడినవాళ్లకు మడమ ఎముక కూడా విరిగి ఉండవచ్చు. రెండూ చూడమని ఆసుపత్రిలో అడగండి.

కారణం ఏదైనా సరే, ఈ లక్షణాలు ఉంటే ఒక్కరోజు కూడా ఆగకూడదు: కాళ్లు బలహీనపడటం, మూత్రం బిగదీసుకుపోవడం లేదా తెలియకుండా పోవడం, మలద్వారం చుట్టూ, తొడల లోపలివైపు తిమ్మిరెక్కడం. నెల్లూరు, ఒంగోలు ప్రభుత్వ సర్వజన ఆసుపత్రుల్లో ఏది దగ్గరైతే దానికి వెంటనే వెళ్లి, అవసరమైతే అక్కణ్ణుంచే పై ఆసుపత్రికి రాయించుకోవాలి.

ఏ స్కాన్ దేనికి

ఎక్స్‌రే పక్కనుంచి కూడా తీయాలి. ముందునుంచి మాత్రమే తీసిన ఫిల్ములో కుంగిన పూస తప్పించుకుపోతుంది. పూస ఎత్తు 20–25 శాతం తగ్గితే స్వల్పం, 25–40 అయితే మధ్యస్థం, 40 దాటితే తీవ్రం అంటారు.

ఎక్స్‌రే చెప్పలేనిది ఒకటుంది: ఆ పూస ఈ నెలలో కుంగిందా, ఐదేళ్ల కిందటా? ఇది చెప్పేది ఎమ్మారై, అందులోనూ స్టిర్ అనే పద్ధతిలో తీసే చిత్రం. కొత్తగా కుంగిన పూసలో నీరు చేరి అది తెల్లగా మెరుస్తుంది. పాతది మెరవదు. సిమెంటు వేయించుకోవాలా అన్న ప్రశ్నకు సగం జవాబు ఈ మెరుపులోనే ఉంది. అందుకే ఎమ్మారైకి రాయించుకునేటప్పుడే స్టిర్ ఉండేలా చూసుకోండి. పూస వెనక గోడ పగిలి ముక్క నరాల వైపు జరిగిందేమో తెలియాలంటే సీటీ బాగా చూపిస్తుంది. పడిపోయిన యువకులకు అదే ముందు.

ఖర్చు లేని పరీక్షలు కూడా ఉన్నాయి. గోడకు మడమలు, వీపు ఆనించి నిలబడితే తల వెనకభాగం గోడను తాకాలి. తాకకపోతే వీపు పైభాగంలో పూసలు కుంగి ఉండవచ్చు. చివరి పక్కటెముకకూ తుంటి ఎముక అంచుకూ మధ్య పక్కనుంచి వేళ్లు పెట్టి చూస్తే రెండు వేళ్లకు మించి సందుండాలి. యవ్వనంలో ఉన్న ఎత్తు కంటే 4 సెంటీమీటర్లు తగ్గినా ఎక్స్‌రే తీయించాల్సిందే. కుంగిన పూసల్లో చాలావాటికి పెద్ద నొప్పి ఉండదు, వయసు మీదపడి గూని వచ్చిందనుకుని వదిలేస్తారు.

పడక, మాత్రలు

విశ్రాంతి రెండు మూడు రోజులు, మహా అయితే వారం. అంతకు మించి పడుకోబెడితే ఎముక ఇంకా పలచబడుతుంది, కండ కరుగుతుంది, కాళ్లలో రక్తం గడ్డకడుతుంది, వీపు కింద పుండ్లు పడతాయి. మూడు నెలలు మంచంలో ఉంచిన పెద్దవాళ్లు పూస అతుక్కున్నా లేచి నడవలేకపోవడానికి కారణం ఇదే. మామూలుగా పూస అతుక్కోవడానికి 8 నుంచి 12 వారాలు పడుతుంది. నొప్పి చాలావరకు మొదటి ఆరు వారాల్లోనే దిగుతుంది.

నులక మంచం, సాగిపోయిన నవారు మంచం వద్దు. వాటిలో నడుము కిందికి దిగి, నలిగిన పూస ఇంకా ముడుచుకుంటుంది. చెక్క మంచం మీద పలుచటి పరుపు వేయాలి. నేలమీద చాప కూడా మంచిది కాదు, లేచేటప్పుడు పూర్తిగా వంగాల్సి వస్తుంది. పడుకున్నవాళ్లు లేచే పద్ధతి మొదటిరోజే నేర్పండి: మోకాళ్లు మడవాలి, భుజం తుంటి కలిపి ఒకేసారి పక్కకు తిరగాలి, కాళ్లు మంచం కిందికి జారవిడుస్తూ మోచేత్తో ఒత్తి లేవాలి. ఎదురుగా నిలబడి రెండు చేతులు పట్టి లాగితే బరువంతా కుంగిన చోటే పడుతుంది. గొంతుకూర్చునే మరుగుదొడ్డి మీద కమోడ్ కుర్చీ పెట్టుకోవాలి.

మాత్రల్లో మొదటిది పారాసిటమాల్. 650 మి.గ్రా. మాత్ర రోజుకు మూడు నాలుగుసార్లు, వేళ తప్పకుండా. పెద్దవాళ్లకు రోజు మొత్తం మీద 3 గ్రాములు దాటకూడదు. ఎసిక్లోఫెనాక్‌తో, ట్రమడాల్‌తో కలిపి వచ్చే మాత్రల్లో కూడా పారాసిటమాల్ ఉంటుంది కాబట్టి, రెండు మూడు రకాలు కలిపి మింగితే లెక్క తెలియకుండానే పెరిగిపోతుంది. డైక్లోఫెనాక్, ఎసిక్లోఫెనాక్ లాంటివి కిడ్నీ జబ్బు, కడుపులో పుండు, గుండెజబ్బు ఉన్నవాళ్లకు పనికిరావు. మిగతావాళ్లకు కూడా డాక్టరు చెప్పినన్ని రోజులే. ట్రమడాల్ నొప్పిని బాగా ఆపుతుంది, కానీ తలతిప్పుతుంది, మలబద్ధకం తెస్తుంది. తలతిరిగి పడితే ఇంకో ఎముక విరుగుతుంది, ముక్కితే వీపు మీద ఒత్తిడి పడుతుంది. అందుకే దాంతోపాటే మొదటిరోజు నుంచి ఇసాబ్‌గోల్ గాని లాక్టులోజ్ గాని ఇవ్వాలి. కాల్సిటోనిన్ అనే ముక్కు స్ప్రే, రోజుకు 200 యూనిట్లు, నొప్పి మొదలైన ఐదారు రోజుల్లోపు వాడితే కొందరికి ఉపశమనం ఉంటుంది. రెండు నుంచి నాలుగు వారాలు చాలు.

నడుము పిండించడం, పిల్లల చేత తొక్కించడం, కుదుపుతో విరిపించుకోవడం పూర్తిగా మానాలి. చేతికో కాలికో పుత్తూరు కట్టు కట్టించుకునే అలవాటు మన వైపు ఉంది. వెన్నుపూసకు అలాంటి కట్టు కుదరదు, పట్టి సరిచేసే వీలే లేదు.

బెల్టు: దేనికి ఏది

షాపులో "నడుం బెల్టు" అని అడిగితే వెడల్పాటి ఎల్ఎస్ బెల్టు ఇస్తారు. అది నడుము కింది పూసలకు. ఎక్కువగా కుంగే టీ12, ఎల్1 దగ్గర దాని పట్టు ఉండదు. అక్కడికి రెండు రకాలు వాడతారు. టేలర్ బ్రేస్‌కు వీపు వెంట రెండు నిలువు పట్టీలు, భుజాల మీదుగా వచ్చే బెల్టులు ఉంటాయి. యాష్ బ్రేస్ అనేది ముందువైపు తొడిగే చట్రం. ఛాతీ దగ్గర, పొత్తికడుపు పైన రెండు మెత్తలు, వీపు వెనక ఒక మెత్త, ఈ మూడుచోట్ల ఒత్తిడితో ముందుకు వంగనివ్వదు. మన ఎండలకు, బక్కపలచటి పెద్దవాళ్లకు యాష్ నయం. తక్కువ చోట తగులుతుంది, గాలి ఆడుతుంది. ఇప్పటికే గూని బాగా ఉన్నవాళ్లకు మాత్రం అది సరిగ్గా కుదరదు, ఛాతీ ఎముక మీద ఒరుసుకుంటుంది. వాళ్లకు టేలరే మేలు.

బ్రేస్ పూసను తిరిగి పైకి లేపదు. నొప్పి లేకుండా లేచి తిరగడానికి సాయపడుతుందంతే, ఆ సాయం కూడా అందరికీ ఒకేలా ఉండదు. లోపల నూలు బనియను వేసుకుని, కూర్చునేటప్పుడు, నడిచేటప్పుడు మాత్రమే పెట్టుకోవాలి, పడుకునేటప్పుడు తీసేయాలి. ఆరు నుంచి ఎనిమిది వారాలు, ఎక్కువలో ఎక్కువ పన్నెండు. ఏడాదిపాటు వదలకుండా పెట్టుకుంటే వీపు కండరాలు పని మరిచిపోతాయి. కొలత తీసుకోకుండా ఎవరినో పంపి తెప్పించుకున్న బ్రేస్ మూలకు చేరడం ఖాయం. మనిషినే తీసుకెళ్లి, కూర్చోబెట్టి చూసి కొనాలి.

సిమెంటు: వెర్టిబ్రోప్లాస్టీ, కైఫోప్లాస్టీ

బోర్లా పడుకోబెట్టి, సీ-ఆర్మ్ ఎక్స్‌రేలో చూస్తూ, వీపు మీంచి లావుపాటి సూదిని పూసలోకి దింపి ఎముక సిమెంటు ఎక్కిస్తారు. సాధారణంగా 2 నుంచి 6 మి.లీ. కొద్ది నిమిషాల్లో గట్టిపడుతుంది. ఇది వెర్టిబ్రోప్లాస్టీ, 1984లో ఫ్రాన్స్‌లో మొదలైంది. కైఫోప్లాస్టీలో ముందు చిన్న బెలూన్‌ను పూసలో ఉబ్బించి, ఖాళీ చేసి, ఆ ఖాళీని చిక్కటి సిమెంటుతో నింపుతారు. ఎత్తు కొంత తిరిగి రావచ్చు, సిమెంటు బయటికి కారే అవకాశం తక్కువ. ఖర్చు మాత్రం చాలా ఎక్కువ. నొప్పి తగ్గడంలో రెండింటికీ పెద్ద తేడా లేదు. అందుకే బెలూన్ కోసం అప్పు చేయొద్దంటాం.

అసలు సిమెంటు ఎంత పనిచేస్తుంది? 2009లో వెలువడిన రెండు పరిశోధనల్లో కొంతమందికి సిమెంటు వేశారు, కొంతమందికి వేసినట్టు నటించారు. రెండు వర్గాలకూ నొప్పి ఒకేలా తగ్గింది. 2016లో ఆస్ట్రేలియా నుంచి వచ్చిన పరిశోధనలో, కుంగి ఆరు వారాలు దాటని, నొప్పి చాలా తీవ్రంగా ఉన్న రోగులకు సిమెంటు వల్ల మేలు కనిపించింది. 2018లో నెదర్లాండ్స్ నుంచి వచ్చినది మళ్లీ నటించినదానికీ దీనికీ తేడా లేదంది. వీటన్నిటినీ కలిపి చూస్తే, అందరికీ వేయడం సబబు కాదని తేలుతుంది. మందులు సరిగ్గా వాడినా మంచం దిగలేకపోతున్న, దాంతో ఊపిరితిత్తుల్లో కఫం పట్టి, పుండ్లు పడి క్షీణిస్తున్న మనిషికి మాత్రం ఇది ఆలోచించదగినదే. కాన్సర్, మైలోమా వల్ల కుంగిన పూసలకు దీని ఉపయోగం ఇంకా స్పష్టం.

ఒప్పుకునే ముందు అడగాల్సినవి: నొప్పి ఉన్న పూసా, స్టిర్‌లో మెరుస్తున్న పూసా ఒకటేనా? వెనక గోడ బాగానే ఉందా? అదే సూదితో ముక్క తీసి బయాప్సీకి పంపుతారా? ఆస్పిరిన్, క్లోపిడోగ్రెల్, వార్ఫరిన్ వాడుతుంటే ఎప్పుడు ఆపాలి, ఆపమని గుండె డాక్టరు ఒప్పుకున్నారా? సిమెంటు నరాల వైపు కారినా, రక్తంలో కలిసి ఊపిరితిత్తులకు చేరినా వెంటనే చూసుకునే ఏర్పాటు ఆ ఆసుపత్రిలో ఉందా? ఒంట్లో ఎక్కడైనా ఇన్ఫెక్షన్ ఉంటే వాయిదా వేయాలి. స్టిర్‌లో మెరవని పాత పూసకు, నొప్పి లేని పూసకు ఎవరు చెప్పినా వద్దు.

ఆపరేషన్

కాళ్లు పడిపోతున్నా, ముక్క నరాల మీదికి వచ్చినా, పడిపోయినప్పుడు పూస వెనక భాగం కూడా విరిగి వెన్ను నిలకడ తప్పినా రాడ్లు, స్క్రూలు వేయక తప్పదు. యువకుల్లో ఇవి బాగా పడతాయి. గుల్లబారిన ఎముకలో స్క్రూ వదులైపోతుంది, అందుకే సిమెంటు కలిపిన స్క్రూలు వాడతారు, ఎక్కువ పూసలకు వేస్తారు. నరాల ఇబ్బంది లేని పెద్దవాళ్లకు కేవలం నొప్పి కోసం రాడ్లు వేద్దామంటే ఇంకో డాక్టరు అభిప్రాయం తీసుకోండి. తిరుపతిలో బర్డ్, స్విమ్స్, మంగళగిరి ఎయిమ్స్, చెన్నై ఆసుపత్రులు అందుబాటులో ఉన్నవే. ఎన్టీఆర్ వైద్యసేవలో ఆ చికిత్స ఉందో లేదో ఆసుపత్రిలోని ఆరోగ్యమిత్రను అడ్మిషన్‌కు ముందే అడగాలి. డబ్బు కట్టేశాక అడిగి లాభం ఉండదు.

మన నీళ్లు, మన ఎముకలు

ఫ్లోరైడ్ వల్ల ఎముకలు బిగుసుకుపోయే జబ్బు, ఫ్లోరోసిస్, గురించి మన దేశం నుంచి తొలి వైద్య నివేదిక 1937లో నెల్లూరు జిల్లా మీదే వచ్చింది. కనిగిరి, పొదిలి, దర్శి అప్పట్లో నెల్లూరు జిల్లాలోవే, 1970లో ఒంగోలు కేంద్రంగా కొత్త జిల్లా ఏర్పడినప్పుడు అందులోకి వచ్చాయి. ఉదయగిరి మెట్టప్రాంతంలోనూ బోరు నీళ్లలో ఈ సమస్య ఉంది. అందుకే ఈ ఊళ్లవాళ్లకు పుస్తకంలోని వైద్యాన్ని యథాతథంగా దించకూడదు.

మొదటి చిక్కు ఎముక సాంద్రతను కొలిచే డెక్సా స్కాన్‌తో. మామూలుగా అందులో వచ్చే టీ-స్కోరు అనే అంకె మైనస్ 2.5 గాని అంతకన్నా కిందికి గాని ఉంటే గుల్లబారినట్టు. ఫ్లోరైడ్ చేరిన ఎముక స్కాన్‌లో దట్టంగా కనిపిస్తుంది, స్కోరు బాగుందని వస్తుంది. దట్టంగా ఉన్నంతమాత్రాన అది గట్టి ఎముక కాదు. ఒకప్పుడు ఫ్లోరైడ్‌నే ఎముకల మందుగా ప్రయత్నించారు. 1990లో అమెరికాలో వెలువడిన పరిశోధనలో నాలుగేళ్లు రోజూ 75 మి.గ్రా. సోడియం ఫ్లోరైడ్ తీసుకున్న స్త్రీలకు నడుము పూసల సాంద్రత 35 శాతం పెరిగింది. పూసలు కుంగడం మాత్రం చెప్పుకోదగ్గంత తగ్గలేదు, చేతులు కాళ్ల ఎముకలు ఇంకా ఎక్కువగా విరిగాయి. కాబట్టి చిన్న కుదుపుకే పూస కుంగిన మనిషికి డెక్సా నార్మల్ అని వచ్చినా ఎముక బాగుందని అనుకోకూడదు. కుంగిన పూసను లెక్కలోంచి తీసేసి, తుంటి దగ్గర కూడా కొలవాలి. ఫ్లోరోసిస్ అనుమానం ఉంటే ముంజేతి ఎక్స్‌రే తీస్తే రెండు ఎముకల మధ్య పొర సున్నం పట్టి కనిపిస్తుంది.

రెండో చిక్కు: ఫ్లోరోసిస్‌తోపాటు విటమిన్ డి, కాల్షియం లోపం వల్ల ఎముక మెత్తబడి ఉండవచ్చు. ఆ లోపం సరిదిద్దకుండా కింద చెప్పే మందులు మొదలుపెడితే రక్తంలో కాల్షియం పడిపోయి చేతులు కొంకర్లు పోతాయి. మూడోది కిడ్నీ. క్రియాటినిన్ 1.2 అని చూసి చాలామంది పర్వాలేదనుకుంటారు. 75 ఏళ్లు, 42 కిలోలున్న ఆడమనిషికి ఆ 1.2తో లెక్కగడితే కిడ్నీ వడపోత నిమిషానికి సుమారు 27 మి.లీ. మాత్రమే. కొన్ని మందులకు 35 ఉండాలి. వయసు, బరువు చెప్పి ఈ లెక్క వేయించుకోవాలి.

నీళ్లు మరిగిస్తే ఫ్లోరైడ్ పోదు, ఆవిరైన కొద్దీ ఇంకా చిక్కబడుతుంది. లీటరుకు 1.5 మి.గ్రా. దాటిన నీళ్లు తాగడానికీ, అన్నం పప్పు వండటానికీ వాడకూడదు. ఆర్వో నీళ్లు గాని వాననీళ్లు గాని రెండు అవసరాలకూ వాడాలి. తాగడానికి క్యాన్ తెచ్చుకుని, వంటకు బోరు నీళ్లు పోసే అలవాటు చాలా ఇళ్లలో ఉంది. దాంతో ఫ్లోరైడ్ ఒంట్లోకి చేరుతూనే ఉంటుంది.

ఎముక మందుల్లో ఏది

కాల్షియం రోజుకు తిండితో కలిపి 1000–1200 మి.గ్రా. కావాలి. వంద గ్రాముల రాగుల్లో 340కి పైగా ఉంటుంది. పాలు, పెరుగు, నువ్వులు, ముల్లుతో సహా నమిలి తినే నెత్తళ్లు మంచివే. తక్కువైనది మాత్రతో నింపాలి, కార్బొనేట్ రకమైతే అన్నం తిన్నాక వేసుకోవాలి. విటమిన్ డి 60,000 యూనిట్ల గుళిక వారానికి ఒకటి, మామూలుగా ఎనిమిది వారాలు, తర్వాత నెలకు ఒకటి. దీన్ని పొరపాటున రోజూ మింగేవాళ్లున్నారు. కాల్షియం పెరిగి వాంతులు, మతిమరుపు, కిడ్నీ దెబ్బ దాకా వెళ్తుంది. చీటీ మీద "ఆదివారం మాత్రమే" అని తెలుగులో పెద్దగా రాసి అంటించండి.

ఇవి మందుకు తోడే, మందు కాదు. అసలు మందుల్లో చవకైనది అలెండ్రోనేట్, వారానికి 70 మి.గ్రా. మాత్ర ఒకటి. పరగడుపున, నిండు గ్లాసు మంచినీళ్లతో వేసుకుని, అరగంట నిటారుగా కూర్చోవాలి, ఏమీ తినకూడదు, కాఫీ కూడా తాగకూడదు. వెంటనే పడుకుంటే అన్నవాహిక పుండుపడుతుంది. పూస కుంగిన మొదటి వారాల్లో అరగంట కూర్చోలేని మనిషికి ఇది ఎలా కుదురుతుంది? అలాంటివాళ్లకు జోలెడ్రోనిక్ యాసిడ్ నయం, ఏడాదికోసారి 5 మి.గ్రా. సెలైన్‌లా, కనీసం 15 నిమిషాలపాటు ఎక్కిస్తారు. మూడేళ్లలో పూసలు కుంగడాన్ని 70 శాతం తగ్గించిన మందు ఇది. మొదటిసారి ఎక్కించాక ఒకటి నుంచి మూడు రోజులు జ్వరం, ఒళ్లునొప్పులు వస్తాయి, భయపడనక్కర్లేదు. ముందు నీళ్లు బాగా తాగాలి, పారాసిటమాల్ వేసుకోవాలి. కిడ్నీ వడపోత 35కన్నా తక్కువుంటే ఈ రెండూ వద్దు. మండలానికి దూరంగా ఉండి, నెలనెలా మందు తెచ్చుకోలేని కుటుంబాలకు మా మొదటి సిఫారసు జోలెడ్రోనిక్ యాసిడే.

డినోసుమాబ్ ఆరు నెలలకోసారి చర్మం కిందకి ఇచ్చే 60 మి.గ్రా. సూది. కిడ్నీ కొంత దెబ్బతిన్నా ఇవ్వవచ్చు. డయాలసిస్ దాకా వచ్చినవాళ్లకు మాత్రం కాల్షియం ప్రమాదకరంగా పడిపోతుంది కాబట్టి కిడ్నీ డాక్టరు చూడకుండా వద్దు. దీంతో అసలు ప్రమాదం మధ్యలో మానేయడం. సూది ఆలస్యమై ఏడు నెలలు దాటితే ఎముక వేగంగా కరిగి, ఒకేసారి రెండు మూడు పూసలు కుంగినవాళ్లున్నారు. వేళకు వేయించుకుంటామన్న నమ్మకం లేకపోతే మొదలుపెట్టొద్దు. ఆపాలనుకుంటే వెంటనే ఇంకో మందుకు మార్చాలి.

టెరిపారటైడ్ పై మందుల్లా కాదు, అవి కరుగుదలను ఆపితే ఇది కొత్త ఎముకను కట్టిస్తుంది. రోజూ 20 మైక్రోగ్రాముల సూది, ఎక్కువలో ఎక్కువ 24 నెలలు, ఆ తర్వాత తప్పకుండా అలెండ్రోనేట్ గాని జోలెడ్రోనిక్ గాని. 2018లో వచ్చిన పరిశోధనలో రెండేళ్లలో కొత్తగా పూస కుంగినవాళ్లు దీన్ని వాడినవాళ్లలో 5.4 శాతం, అలెండ్రోనేట్ కోవకే చెందిన రైసెడ్రోనేట్ మాత్రలు వాడినవాళ్లలో 12 శాతం. అందుకే రెండు మూడు పూసలు కుంగినవాళ్లకు, ఖర్చు భరించగలిగితే, ఇదే మొదటి ఎంపిక. 2 నుంచి 8 డిగ్రీల మధ్య ఫ్రిజ్‌లో ఉంచాలి, ఫ్రీజర్‌లో పెట్టకూడదు. మొదటి సూదులప్పుడు లేవగానే తలతిరగవచ్చు, మంచం మీద కూర్చుని వేసుకోవాలి. ఎముకల కాన్సర్ ఉన్నవాళ్లు, ఎముకలకు రేడియేషన్ తీసుకున్నవాళ్లు, కారణం తెలియకుండా ఆల్కలైన్ ఫాస్ఫటేజ్ పెరిగినవాళ్లు వాడకూడదు. ఫ్లోరోసిస్‌లోనూ అది పెరుగుతుంది కాబట్టి కనిగిరి, పొదిలి వైపు నుంచి వచ్చినవాళ్లకు ఆ పరీక్ష చూడకుండా మొదలుపెట్టకూడదు.

టెరిపారటైడ్ తప్ప మిగతా మూడింటికీ ముందు పళ్లు చూపించుకోవాలి. పీకాల్సిన పన్ను ముందే పీకించుకుంటే, ఈ మందులతో అరుదుగా వచ్చే దవడ ఎముక సమస్య ముప్పు తగ్గుతుంది. ఏళ్ల తరబడి వాడుతున్నవాళ్లకు తొడలో కొత్తగా నొప్పి వస్తే డాక్టరుకు చెప్పి ఎక్స్‌రే తీయించాలి.

ఆరు వారాల తర్వాత

నొప్పి తగ్గాక వ్యాయామం మొదలవుతుంది, ఇక్కడ ఎంచుకోవడంలో పొరపాటు పడితే ఇంకో పూస పోతుంది. 1984 నాటి ఒక పరిశోధనలో ముందుకు వంగే వ్యాయామాలు చేసినవాళ్లలో 89 శాతం మందికి పూసలు మళ్లీ కుంగాయి. వెనక్కి వంచే వ్యాయామాలు చేసినవాళ్లలో 16 శాతానికే. పాదహస్తాసనం, పశ్చిమోత్తానాసనం, సూర్యనమస్కారాలు మానాలి. కుర్చీలో కూర్చుని రెండు భుజాలూ వెనక్కి లాగి ఐదు లెక్కపెట్టి వదలడం, పదిసార్లు, పూటకోసారి. గోడకు వీపు ఆనించి చేతులు పైకెత్తడం. రోజూ నడక — ఇవి చాలు. నమాజు కుర్చీలో చదువుకోవచ్చు. గుడిలో సాష్టాంగపడకుండా నిలబడి దణ్ణం పెట్టుకోవచ్చు.

పొడవు కర్ర చీపురు తెచ్చివ్వండి, ముగ్గు ఇంకొకరు వేయాలి, బిందె బదులు ఐదు లీటర్ల క్యాన్లు రెండు చేతులకూ సమంగా. రాత్రి మరుగుదొడ్డికి వెళ్లే దారిలో లైటు, గోడకు పట్టుకునే కడ్డీ పెట్టించండి. నిద్రమాత్రలు, బీపీ మాత్రలు తలతిప్పుతున్నాయేమో డాక్టరుతో చూడండి. చుట్ట మానిపించండి. ఆరు వారాలకు పక్కనుంచి ఇంకో ఎక్స్‌రే తీయించి పాతదానితో పక్కపక్కన పెట్టి చూడమనండి. అప్పటికీ నొప్పి అలాగే ఉన్నా, పూస ఇంకా కుంగుతున్నా, కొత్తగా వేరేచోట నొప్పి మొదలైనా ఎమ్మారై మళ్లీ తీయాలి, సిమెంటు సంగతి కూడా అప్పుడే మళ్లీ మాట్లాడుకోవాలి. ఫిల్ములు, రక్త పరీక్షలు, వేసిన ప్రతి ఇంజెక్షన్ పేరూ తేదీ ఒకే సంచిలో పెట్టి ప్రతిసారీ వెంట తీసుకెళ్లండి.